అతిథి చేతిలో కెమెరా: అంతోనియోని చూసిన 1972 నాటి చైనా

చరిత్రకు ఆధారాలు ఏవి అని అడిగితే మీరు వెంటనే శాసనాలు, నాణేలు, ప్రభుత్వ పత్రాలు, యాత్రికుల రాతలు అని చెబుతారు. ఏడవ శతాబ్దంలో చైనా నుంచి బయలుదేరి ధాన్యకటకం దాకా వచ్చిన హ్యుయాన్‌త్సాంగ్ రాతలను మనం ఎంతగా వాడుకుంటామో మీకు తెలుసు. ఆయన బౌద్ధ భిక్షువు కాబట్టి బౌద్ధారామాల గురించి ఎక్కువ చెప్పాడనీ, సామాన్యుల ఇళ్లలోకి అంతగా తొంగి చూడలేదనీ కూడా మీకు తెలుసు. యాత్రికుడు చెప్పినదాన్ని స్వీకరిస్తూనే, అతడు ఎక్కడ నిలబడి చూశాడని అడగడం చరిత్ర విద్యార్థికి మొదటి పాఠం.

ఇరవయ్యో శతాబ్దంలో యాత్రికుని చేతికి కలంతో పాటు కెమెరా వచ్చింది. దానితో ఈ ప్రశ్న తీరిపోయిందని చాలామంది అనుకున్నారు. కెమెరా ముందు ఉన్నదే ఫిల్ము మీద పడుతుంది, అందులో అబద్ధానికి చోటెక్కడ అని వారి వాదన. ఈ వాదన ఎంతవరకు నిలుస్తుందో తేల్చుకోవడానికి ఈ పాఠంలో ఒకే ఒక సినిమాను తీసుకుందాం. అది ఇటలీ దర్శకుడు మైకెలాంజెలో అంతోనియోని 1972లో చైనాలో తీసిన డాక్యుమెంటరీ. పేరు 'చుంగ్ కువో – చీనా'. మొదటి మాట చైనీయులు తమ దేశాన్ని పిలుచుకునే పేరు, రెండవది ఇటలీవారు పిలిచే పేరు. నిడివి మూడున్నర గంటలకు కాస్త అటూ ఇటూ. అందులో యుద్ధం లేదు, నాయకుల ఉపన్యాసాలు లేవు, రహస్యాలేవీ బయటపడవు. ఉన్నదల్లా వీధులు, ముఖాలు, టీ దుకాణాలు, సైకిళ్లు, పసిపిల్లల బడులు. అయినా రెండేళ్లు తిరగకముందే ఆ సినిమా మీద ఒక దేశమంతటా ఖండన ఉద్యమం నడిచింది. రోజువారీ జీవితంలో అంత కోపం తెప్పించేది ఏముందన్నదే మన ప్రశ్న.

ఆహ్వానం ఎందుకు వచ్చింది

1966లో మొదలైన సాంస్కృతిక విప్లవం చైనాను బయటి ప్రపంచం నుంచి దాదాపుగా వేరు చేసింది. విదేశీ పాత్రికేయులకు, కెమెరాలకు తలుపులు మూసుకున్నాయి. 1969 మార్చిలో ఉసూరి నది మీద సోవియట్ సేనలతో ఘర్షణ జరిగాక పరిస్థితి మారింది. ఉత్తరాన శత్రువు ఉన్నప్పుడు పడమర దేశాలతో మాటలు కలపడం అవసరమైంది. 1970 నవంబరులో ఇటలీ చైనా ప్రభుత్వాన్ని గుర్తించింది. 1971 అక్టోబరులో ఐక్యరాజ్య సమితిలో చైనాకు స్థానం దక్కింది. 1972 ఫిబ్రవరిలో అమెరికా అధ్యక్షుడు నిక్సన్ పెకింగ్‌లో దిగాడు. (అప్పటి తెలుగు పత్రికలు పెకింగ్ అని రాసేవి. ఇకపై మనం బీజింగ్ అనే రాద్దాం.) అంతోనియోని బృందం అదే సంవత్సరం, నిక్సన్ తిరిగి వెళ్లిన కొద్ది నెలలకే చైనా చేరింది. సినిమా ఇటలీ ప్రభుత్వ టెలివిజన్ సంస్థ రాయ్ కోసం. చైనా ప్రభుత్వ అనుమతి, ఆహ్వానం రెండూ ఉన్నాయి.

అంతోనియోనినే ఎందుకు రానిచ్చారో ఊహించడం కష్టం కాదు. ఆయన వామపక్ష భావాలు గలవాడు. 1960ల నాటికే ప్రపంచమంతా పేరున్న దర్శకుడు. మిత్రుడిగా వచ్చి మంచి మాట చెబుతాడని ఆశించి ఉంటారు. ఒక విషయం మాత్రం వారు పట్టించుకున్నట్టు లేదు. ఈయన కథా చిత్రాలకు రాకముందు పని నేర్చుకున్నది చిన్న డాక్యుమెంటరీల్లో. ఒకటి పో నది ఒడ్డున, పడవల మీద బతికే పేదల గురించి. ఇంకొకటి, 1948 నాటిది, రోమ్ నగరంలో వీధులు ఊడ్చేవారి గురించి. రోమ్ వెళ్లిన కెమెరాలన్నీ పాత కోటలనూ చర్చీలనూ చూపిస్తుంటే చీపురు పట్టినవాడి వైపు తిరిగిన మనిషి, బీజింగ్‌లో మాత్రం కట్టడాలకే కెమెరా పెడతాడని అనుకోవడానికి ఆధారం లేదు.

దారి ఎవరు గీశారు

చైనా వెళ్లేటప్పుడు అంతోనియోని తనదైన ప్రయాణ మార్గం ఒకటి సిద్ధం చేసుకున్నాడు. దాని ప్రకారం తిరగాలంటే ఆరు నెలలు పడుతుంది. అధికారుల దగ్గర వేరే మార్గం ఉంది. హోటల్ గదిలో పటం ముందు పెట్టుకుని మూడు రోజులు వాదించుకున్నామనీ, చివరకు తానే తగ్గాననీ ఆయన తరువాత రాశాడు. తుది మార్గం ఇది: బీజింగ్, హెనాన్ రాష్ట్రంలోని లిన్షియన్, సుజౌ, నాన్‌జింగ్, షాంఘై. సుమారు ఐదు వారాలు. టిబెట్ లేదు, పశ్చిమ ఎడారి ప్రాంతాలు లేవు, ఈశాన్యంలోని పెద్ద ఉక్కు నగరాలు లేవు.

ఈ పటాన్ని కూడా మీరు ఒక చారిత్రక పత్రంగానే చూడాలి. ఒక ప్రభుత్వం అతిథిని ఎక్కడికి తీసుకువెళుతుందో చూస్తే తన గురించి తాను ఏమనుకుంటుందో తెలుస్తుంది. లిన్షియన్‌ను ఎందుకు చేర్చారు? అక్కడ ఎర్రజెండా కాలువ ఉంది. 1960లలో, తైహాంగ్ కొండల రాతి గోడలను రైతులు గడ్డపారలతో, సమ్మెటలతో తొలిచి సుమారు 70 కిలోమీటర్ల ప్రధాన కాలువను తవ్వారు. కరువు నేలకు నీరు తెచ్చారు. అది గొప్ప పనే, సందేహం లేదు. నాన్‌జింగ్‌ను ఎందుకు చేర్చారు? అక్కడ యాంగ్సీ నది మీద వంతెన ఉంది. దాని సంగతి కాసేపట్లో చూద్దాం, ఎందుకంటే గొడవ అంతా ఆ వంతెన దగ్గరే ముదిరింది.

కెమెరా ఏం చూసింది

ఛాయాగ్రాహకుడు లూచియానో తొవోలి. బృందం చిన్నది, కెమెరా 16 మిల్లీమీటర్లది, భుజాన పెట్టుకుని తిరగగలిగేది. సినిమా తియానన్మెన్ కూడలిలో మొదలవుతుంది. అంత విశాలమైన మైదానాన్ని పూర్తిగా చూపే షాట్ కోసం మీరు ఎదురు చూస్తారు. అది రాదు. దాని బదులు, ఫోటో తీయించుకోవడానికి వరుసలో నిలబడ్డ మనుషుల ముఖాలు వస్తాయి. చైనాను వివరించడం తమ ఉద్దేశం కాదనీ, మనుషుల ముఖాలనూ కదలికలనూ అలవాట్లనూ గమనించడమే చేశామనీ వ్యాఖ్యానం మొదట్లోనే చెప్పేస్తుంది.

బీజింగ్‌లో ఒక ఆసుపత్రి దృశ్యం ఉంది. సిజేరియన్ కాన్పు. మత్తుమందు లేదు, సూదులు గుచ్చే ఆక్యుపంక్చర్ ఒక్కటే. తల్లి మెలకువగానే ఉంది, మాట్లాడుతూ ఉంది. విదేశీయులు ఆశ్చర్యపడే ఇలాంటి దృశ్యాన్ని చూపాలని ఆతిథేయులకు ఉంది, తీయాలని దర్శకునికీ ఉంది. ఇద్దరి కోరికలూ కలిసిన చోట పేచీ రాలేదు. తరువాత నూలు మిల్లు, కార్మికుల ఇళ్లు, పని ముగిశాక వాకిట్లో కూర్చుని రాజకీయ చర్చ చేసే ఆడవాళ్లు, పాటలు పాడే పసిపిల్లలు, మింగ్ చక్రవర్తుల సమాధులు, గోడలాంటి చారిత్రక స్థలాలు.

హెనాన్‌లో స్వరం మారుతుంది. దారిలో రైతులు కొద్దిపాటి సరుకులు పెట్టుకుని అమ్ముకుంటున్న చోట బృందం ఆగింది. సమష్టి వ్యవసాయం నడుస్తున్న దేశంలో అది ప్రభుత్వం గర్వంగా చూపుకునే దృశ్యం కాదు. ఇంకొకచోట, కార్యక్రమంలో లేని ఒక కొండ పల్లెలోకి వెళ్లారు. ఆ ఊరివారు అంతకుముందు పాశ్చాత్యులను చూసి ఎరుగరు. గుమ్మాల వెనుక నుంచి, గోడ మూలల నుంచి, కళ్లు పెద్దవి చేసి చూస్తారు. కొందరు భయపడి తప్పుకుంటారు. నా దృష్టిలో సినిమాలోకెల్లా విలువైన నిమిషాలు ఇవే. ఎందుకంటే ఇక్కడ చూసేది ఎవరు, చూడబడేది ఎవరు అన్న తేడా తలకిందులవుతుంది. కెమెరా వారిని వింతగా చూస్తున్నదో, వారే కెమెరాను వింతగా చూస్తున్నారో చెప్పలేం.

సుజౌ కాలువలు, నూడుల్స్ తినే హోటళ్లు దాటి సినిమా షాంఘై చేరుతుంది. 1921లో చైనా కమ్యూనిస్టు పార్టీ మొదటి మహాసభ జరిగిన ఇల్లు, పాత టీ శాలలో గంటల తరబడి కూర్చున్న వృద్ధులు, హువాంగ్‌పు నదిలో ఓడలు, చమురు శుద్ధి కర్మాగారం, దాని చుట్టుపక్కల గుడిసెలు. చివర సర్కస్ ప్రదర్శన, చాలాసేపు, దాదాపు వ్యాఖ్యానం లేకుండా.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగండి. పైన చెప్పిన దృశ్యాల్లో ఏవి ప్రభుత్వం చూపదలచినవి, ఏవి దర్శకుడు పక్కకు తిరిగి పట్టుకున్నవి? మీ నోటు పుస్తకంలో రెండు వరుసలుగా రాసుకోండి. కొన్ని ఏ వరుసలోనూ ఇమడవు. టీ శాలలో వృద్ధులను చూపవద్దని ఎవరూ అనలేదు, చూపమని కూడా ఎవరూ అడగలేదు. చరిత్రకారునికి ఇలాంటివే ఎక్కువ పనికి వస్తాయి. ఎవరూ దాచనిదీ, ఎవరూ అలంకరించనిదీ నమ్మదగిన సాక్ష్యం.

బట్టల సంగతే తీసుకోండి. సినిమాలో కనిపించే నీలం, బూడిద రంగు దుస్తులూ వాటి మీది అతుకులూ చూసి, ఇటలీ ప్రేక్షకుడు పేదరికమనో నిరాడంబరత అనో అనుకుని ఊరుకుంటాడు. చైనాలో అప్పుడు బట్టకు కూపన్లు ఉండేవని తెలిసిన చరిత్ర విద్యార్థికి ఆ అతుకు వేరే సంగతి చెబుతుంది. ఏడాదికి ఇంత గుడ్డ అని ప్రభుత్వం నిర్ణయిస్తే ఇల్లాలు దాన్ని ఎలా సాగదీసుకుందో ఆ మోకాలి మీది కుట్టులో ఉంది. అలాగే చిన్న పాదాలతో తడబడుతూ నడిచే ముసలమ్మ. ఆడపిల్లల పాదాలు బిగించి కట్టే ఆచారాన్ని 1912లోనే నిషేధించారు. అంటే ఆమె బాల్యం చక్రవర్తుల కాలం నాటిది, వార్ధక్యం మావో కాలం నాటిది. రెండు యుగాలూ ఒకే నడకలో కనిపిస్తాయి.

వంతెన మీద తగాదా

సినిమా 1973 మొదట్లో ఇటలీ టెలివిజన్‌లో వచ్చింది, అమెరికాలోనూ చూపారు. ఏడాది తరువాత, 1974 జనవరి 30న, చైనా కమ్యూనిస్టు పార్టీ పత్రిక పీపుల్స్ డైలీ ఒక పెద్ద వ్యాసం ప్రచురించింది. దర్శకుని ఉద్దేశం దుష్టమైనదనీ, ఎత్తులు నీచమైనవనీ శీర్షికలోనే తీర్పు చెప్పేసింది. ఆ వ్యాసాన్ని ఇంగ్లీషులో చిన్న పుస్తకంగా కూడా వేసి విదేశాలకు పంచారు. కర్మాగారాల్లో, పాఠశాలల్లో ఖండన సభలు జరిగాయి. వింత ఏమిటంటే సినిమాను చైనాలో ప్రజలకు చూపలేదు. ఖండించినవారిలో అత్యధికులు దాన్ని చూసినవారు కారు.

ఆరోపణలను ఓపికగా చదివితే వాటిలో మనకు అక్కరకు వచ్చే సమాచారం చాలా ఉంది. తియానన్మెన్ కూడలి గంభీరతను పూర్తిగా చూపక జనం గుంపులనే చూపాడన్నది ఒకటి. ఎర్రజెండా కాలువను చూపీ చూపనట్టు దాటేశాడన్నది ఇంకొకటి. రంగులు చల్లగా, మబ్బుగా ఉన్నాయన్నారు. పందుల దృశ్యం మీద విప్లవ సంగీత నాటకంలోని పాట వినిపించాడన్నారు. ముసలివాళ్లను, అలసిన ముఖాలను ఏరి ఏరి తీశాడన్నారు. అన్నిటికన్నా పెద్దది నాన్‌జింగ్ వంతెన. దాన్ని వంకర కోణాల నుంచి తీసి, వంగిపోయి ఊగుతున్నట్టు చూపాడనీ, వంతెన ముందు ఆరవేసిన ప్యాంట్లను కూడా చేర్చి ఎగతాళి చేశాడనీ అభియోగం.

వంతెన అంటే ఇంత పట్టింపు ఎందుకు? యాంగ్సీ చైనాను రెండుగా చీల్చే మహానది. అంతకుముందు నాన్‌జింగ్ దగ్గర రైళ్లను బల్లకట్టు ఓడల మీద దాటించేవారు. సోవియట్ సహాయంతో కట్టాలనుకున్న వంతెన ఇది. 1960లో సోవియట్ నిపుణులు వెళ్లిపోయారు, ఉక్కు సరఫరా ఆగింది. చైనా ఇంజనీర్లు సొంత ఉక్కుతో, సొంత నమూనాతో పైన రోడ్డు, కింద రైలు దారి ఉండేలా కట్టి 1968లో ముగించారు. ఎవరూ తోడు లేకుండా నిలబడ్డామన్న మాటకు అది రాతిలో, ఉక్కులో సాక్ష్యం. పోస్టర్ల మీద, పాఠ్య పుస్తకాల్లో, ఇళ్లలో పింగాణీ గిన్నెల మీద కూడా ఆ వంతెన బొమ్మ ఉండేది. అంతటా ఒకే తీరు: ఎదురుగా, నిండుగా, వెలుతురులో. భాక్రా ఆనకట్ట దగ్గర నెహ్రూ అన్న ఆధునిక దేవాలయాల మాట మీరు చదివే ఉంటారు. 1955లో నాగార్జునసాగర్‌కు పునాది వేసినప్పుడు మనవాళ్ల మనసుల్లో ఉన్న భావం గుర్తు తెచ్చుకుంటే ఆ గిన్నె మీది వంతెన బొమ్మ మీకు అర్థమవుతుంది. గుడి గోపురాన్ని వెనుక గోడ వైపు నుంచి, ఆరవేసిన బట్టల సందులోంచి ఫోటో తీస్తే భక్తునికి ఎలా ఉంటుందో అలా ఉంది వారికి.

ఇటలీ పండితుడు ఉంబెర్తో ఎకో ఈ తగాదాను దగ్గర నుంచి చూశాడు. 1974లో వెనిస్ ఉత్సవంలో ఈ సినిమా ప్రదర్శనను ఆపించాలని చైనా ప్రతినిధులు ఇటలీ ప్రభుత్వం మీద ఒత్తిడి తెచ్చారు. అయినా ప్రదర్శన జరిగింది. ఎకో చెప్పింది క్లుప్తంగా ఇది: పాశ్చాత్య కళలో వంకర కోణం, సగమే కనిపించే వస్తువు అందం కింద లెక్క. చైనా దృశ్య సంప్రదాయంలో నిండుగా, ఎదురుగా, సమతూకంగా చూపడమే గౌరవం. ఒక చోట మెచ్చుకోలు అయినది ఇంకొక చోట అవమానంగా చదవబడింది. అమెరికా రచయిత్రి సూజన్ సాంటాగ్ కూడా ఫోటోగ్రఫీపై రాసిన పుస్తకంలో ఈ ఆరోపణలను చర్చించింది. ప్రతి వస్తువుకూ ఒక సరైన చూపు ఉంటుందన్న నమ్మకాన్ని ఆమె అందులో గుర్తించింది.

ఎకో వివరణ బాగుంది గాని, అది మాత్రమే చాలదు. పూర్తిగా కళల తేడా అయితే గొడవ 1973లోనే రావాలి. ఏడాది ఎందుకు ఆగింది? 1974 జనవరిలో బీజింగ్‌లో ఏం జరుగుతోందో చూడాలి. లిన్ బియావోను, కన్ఫ్యూషియస్‌ను కలిపి ఖండించే ఉద్యమం అప్పుడే ఊపందుకుంది. పైకి వారి పేర్లు ఉన్నా, మావో భార్య జియాంగ్ చింగ్ వర్గం గురి ప్రధాని చౌ ఎన్ లై మీద అన్నది చాలామంది చరిత్రకారుల అభిప్రాయం. విదేశాలకు తలుపులు తెరిచినవాడు చౌ. అదే నెలలో పాశ్చాత్య శాస్త్రీయ సంగీతం మీద కూడా పీపుల్స్ డైలీ విరుచుకుపడింది. విదేశీయుణ్ణి పిలిచి కెమెరా ఇస్తే ఏమైందో చూడండి అని చెప్పడానికి అంతోనియోని చక్కగా దొరికాడు. కనుక ఆ వ్యాసాన్ని సినిమా సమీక్షగా కాక, పార్టీ అంతర్గత పోరులో ఒక పత్రంగా చదవాలి.

అయితే దర్శకుణ్ణి నిర్దోషిగా వదిలేయడం కూడా సరికాదు. బీజింగ్ వీధుల్లో కెమెరాను దాచిపెట్టి కొన్ని దృశ్యాలు తీసినట్టు వ్యాఖ్యానమే ఒప్పుకుంటుంది. ఆ దారిన పోయేవారిని ఎవరూ అనుమతి అడగలేదు. కొండ పల్లెలో తప్పుకున్న ముసలివాళ్ల వెంట కెమెరా పోవాలా అన్న ప్రశ్నకు దర్శకుడు జవాబు చెప్పడు. ఆయనకు చైనీస్ రాదు. చాలా చోట్ల జనం మాటలకు అనువాదం ఉండదు, వాటి ధ్వని మాత్రమే ఉంటుంది. ఈ లోపం నుంచి అనుకోని లాభమూ ఉంది. దర్శకునికి అర్థం కాని మాటలు చెరిగిపోకుండా సౌండు ట్రాకులో మిగిలాయి. ఆ భాష తెలిసినవారు ఈనాడు వాటిని విని, ఆయన వినని సంగతులను వినగలుగుతున్నారు.

మన దేశంలో ఇలాంటివి

ఇది చైనాకే పరిమితమైన కోపం అని మీరు అనుకోకండి. ఇంకొక ఇటలీ దర్శకుడు రోబెర్తో రొస్సెల్లినీ 1950ల చివర మన దేశానికి వచ్చి తీసిన చిత్రంలో హీరాకుడ్ ఆనకట్ట భాగం ఉంది. అందులో ఆయన ఆనకట్ట ఎత్తును చూపి ఆగలేదు. అక్కడ పని ముగిసి, కట్టిన చోటును విడిచి వెళ్లాల్సిన కూలి మనసును చూపాడు, పనిలో చనిపోయినవారి స్మారకాన్ని చూపాడు. ఫ్రెంచి దర్శకుడు లూయీ మాల్ 1968లో కొన్ని నెలలు దేశమంతా తిరిగి ఏడు భాగాల డాక్యుమెంటరీ తీశాడు. మద్రాసులో రథోత్సవం, కళాక్షేత్రంలో నాట్య శిక్షణ, నీలగిరి తోడాలు అందులో కనిపిస్తారు. 1970లో బీబీసీ దాన్ని ప్రసారం చేసినప్పుడు, దేశాన్ని పేదరికంగా చూపారని మన ప్రభుత్వం ఆక్షేపించింది. బీబీసీ వినలేదు. ఆ ఏడాదే ఢిల్లీలో దాని కార్యాలయం మూతపడింది. బీజింగ్ ఆరోపణలకూ ఢిల్లీ ఆక్షేపణకూ మధ్య నాలుగేళ్ల దూరం, రెండు భిన్నమైన రాజ్య వ్యవస్థలు. భాష మాత్రం దగ్గరగానే ఉంది. వలస పాలన చూసిన, లేదా విదేశీ సేనలను చూసిన దేశాలకు బయటివాడి కెమెరా మీద అనుమానం ఊరికే పుట్టలేదు. వందేళ్లపాటు ఆ కెమెరా తమను వింత జంతువుల్లా చూపిన జ్ఞాపకం ఉంది. ఆ బాధను నిజమని ఒప్పుకుంటూనే, దాన్ని అడ్డం పెట్టుకుని ప్రభుత్వాలు తమకు నచ్చని దృశ్యాలను ఆపిన సంగతిని కూడా మనం రాయాలి.

సినిమాలో లేనిది

ఆధారంలో ఏముందో చూసినంత శ్రద్ధగా ఏం లేదో చూడాలి. సినిమాలో వీధులు ప్రశాంతంగా ఉంటాయి. జనం తొందర లేకుండా నడుస్తారు. పాశ్చాత్య ప్రేక్షకులు చాలామంది ఆ నెమ్మదిని చూసి మురిసిపోయారు. 1966, 67లలో అదే వీధుల్లో రెడ్ గార్డులు ఉపాధ్యాయులను కొట్టారు, ఇళ్లు సోదా చేశారు, గుళ్లు పగలగొట్టారు. ఆ యువకులు ఏమయ్యారు? 1968 డిసెంబరులో మావో పిలుపుతో పట్టణ యువతను పల్లెలకు పంపడం పెద్ద ఎత్తున సాగింది. అలా వెళ్లినవారు కోటికి పైగా. అంటే 1972 నాటి బీజింగ్ నెమ్మదిలో కొంత భాగం లేని పిల్లల వల్ల వచ్చింది. కెమెరా ఉన్నవారిని చూపగలదు. ఊరు విడిచిన కొడుకును ఎలా చూపుతుంది? తెర మీద వృద్ధులూ పసివాళ్లూ అంత ఎక్కువగా కనిపించడాన్ని దర్శకుని ఎంపిక అని చైనా పత్రిక తిట్టింది. పల్లెలకు పంపిన ఆ తరం లెక్క తెలిశాక, దానిలో ఎంత ఎంపిక, ఎంత వాస్తవం అని మళ్లీ అడగవలసి వస్తుంది.

పోల్చి చూడటానికి ఇంకొక సినిమా ఉంది. డచ్ దర్శకుడు యోరిస్ ఇవెన్స్, మార్సెలిన్ లొరిదాన్‌తో కలిసి అదే కాలంలో చైనాలో నెలల తరబడి ఉండి, 1976లో సుమారు పన్నెండు గంటల చిత్రమాల విడుదల చేశాడు. ఇవెన్స్ చైనాకు పాత మిత్రుడు, 1938లోనే అక్కడ యుద్ధ చిత్రం తీసినవాడు. ఆయన సినిమాల్లో జనం నోరు విప్పి మాట్లాడతారు, మందుల దుకాణంలో, కర్మాగారంలో వాదించుకుంటారు. అంతోనియోని సినిమాలో వినపడని గొంతులు అక్కడ వినిపిస్తాయి. కాని వారు చెప్పేది ఆనాడు చెప్పదగినదే. చెప్పకూడనిది ఏ ముఖం మీదో ఒక క్షణం మెరిసి మాయమయ్యేది ఎక్కువగా అంతోనియోని దగ్గరే దొరుకుతుంది. ఒకదాన్ని మంచి ఆధారమనీ, మరొకదాన్ని చెడ్డదనీ అనడం కంటే రెండింటినీ పక్కపక్కన పెట్టుకోవడం మేలు.

ముప్పై ఏళ్ల తరువాత

మావో 1976లో మరణించాడు. జియాంగ్ చింగ్ వర్గం అరెస్టయింది. అంతోనియోని మీది ఖండన క్రమంగా మరుగున పడింది. 2004లో బీజింగ్ ఫిల్మ్ అకాడమీలో ఆయన చిత్రాల ఉత్సవం జరిగినప్పుడు ఈ సినిమాను చూపారు. అప్పటికి దర్శకునికి 92 ఏళ్లు. మూడేళ్ల తరువాత, 2007 జులైలో ఆయన మరణించాడు.

ఆ మధ్యకాలంలో బీజింగ్ సందులు ఎన్నో బుల్‌డోజర్ల కింద పోయాయి. షాంఘైలో హువాంగ్‌పు అవతలి ఒడ్డున ఆకాశహర్మ్యాలు లేచాయి. 1972లో ఏమంత విలువలేనివని అధికారులు అనుకున్న దృశ్యాలు, అంటే ఇంటి ముందు పొయ్యి, బడికి వెళ్లే పిల్ల, టీ శాలలో గాజు గ్లాసు, ఇప్పుడు మరో చోట రంగుల్లో దొరకడం కష్టం. ఆ రోజుల్లో చైనా స్టూడియోలు తీసిన వార్తా చిత్రాల్లో వంతెన ఎదురుగా, నిండుగా, వెలుతురులో ఉంది. దాని కింద ఎవరు బట్టలు ఆరేసుకున్నారో వాటిలో లేదు.

2010లో చైనా దర్శకుడు జియా ఝాంగ్‌కె షాంఘై గురించి ఒక డాక్యుమెంటరీ తీశాడు. అందులో ఒక వృద్ధుడు మాట్లాడతాడు. 1972లో ఆయన షాంఘై టెలివిజన్ ఉద్యోగి. అంతోనియోని బృందానికి తోడుగా తిరగమని పైవారు నియమించారు. వెనుకబడినతనాన్ని ఎందుకు తీస్తారని అప్పుడే దర్శకునితో పేచీ పడ్డానని చెబుతాడు. అయినా 1974లో ఆ బృందం వెంట ఉన్నందుకు ఆయన మీదనే ఖండన పడింది, కష్టాలు పడ్డాడు. ఇంత జరిగినా ఆ సినిమాను ఆయన ఒక్కసారి కూడా చూడలేదు.